పేరు చెప్పని చావులు: ఎయిడ్స్ కాలంలో పాట, పద్యం చేసిన పని

ఎయిడ్స్ మీద పాట అంటే తిరుపతి, చిత్తూరు వైపు నలభై దాటిన వాళ్ళకు ముందుగా గుర్తొచ్చేది కళాజాత. రచ్చబండ దగ్గర రెండు ట్యూబ్‌లైట్లు, ఒక మైకు, ఎర్ర రిబ్బన్ బొమ్మ వేసిన బ్యానరు, నడుముకు కండువాలు బిగించిన నలుగురైదుగురు కళాకారులు. డప్పు మోగగానే పిల్లలు ముందు వరసలో చేరతారు. ఆడవాళ్ళు అరుగుల మీద నుంచే వింటారు. జబ్బు ఎలా వస్తుందో, ఎలా రాదో పాటలో చెప్పి, కరపత్రాలు పంచి, జీపెక్కి పక్క ఊరికి వెళ్ళిపోతారు.

దానికి కాస్త ముందు, అమెరికాలో ఒక సంగీతకారుడు చనిపోయిన తన స్నేహితుల కోసం ఏకంగా ఒక సింఫనీ, అంటే పెద్ద వాద్యబృందం వాయించే సంగీత రచన, రాశాడు. ఉగాండాలో ఒక గాయకుడు తనకే ఈ జబ్బు ఉందని చెప్పి, బళ్ళకూ చర్చిలకూ తిరిగి పాడాడు. న్యూయార్క్‌లో ఒక కవి తోటి కవి అంత్యక్రియల్లో లేచి, ఇంటివాళ్ళు దాచిన జబ్బు పేరు గట్టిగా చెప్పాడు. వీటన్నిటినీ మనం 'ఎయిడ్స్ అవగాహన' అనే ఒక్క మూటలో కట్టేస్తుంటాం. అక్కడే చిక్కంతా. హెచ్చరించే పాట వేరు, ఏడ్చే పాట వేరు, 'నాకే వచ్చింది' అని చెప్పుకునే పాట వేరు. ఒకటి చేసే పని ఇంకొకటి చేయలేదు. మన వైపు మొదటి రకం దండిగా వినిపించింది. మూడోది ఆలస్యంగా, కొద్దిగా వచ్చింది. రెండోది దాదాపు రాలేదు. చావుకు పాట కట్టడం తెలియని జనమా అంటే, మనంత తెలిసినవాళ్ళు తక్కువ. మరి ఎందుకు రాలేదు?

వేలూరు దాకా వచ్చిన జబ్బు

1981 జూన్ 5న అమెరికా ప్రభుత్వ ఆరోగ్య సంస్థ ఒక చిన్న నివేదిక వేసింది. లాస్ ఏంజెలెస్‌లో ఐదుగురు యువకులకు అరుదైన న్యుమోనియా వచ్చిందన్నది అందులోని విషయం. 1983లో పారిస్‌లోని పాశ్చర్ ఇన్‌స్టిట్యూట్ శాస్త్రవేత్తలు ఎయిడ్స్ తెచ్చే వైరస్‌ను, ఇప్పుడు మనం హెచ్‌ఐవీ అంటున్నదాన్ని, పట్టుకున్నారు. 'ఇది పడమటి దేశాల జబ్బు, మనకు రాదు' అని ఇక్కడ పెద్ద పెద్దవాళ్ళే నమ్మారు. 1986లో మద్రాసులో డాక్టర్ సునీతి సోలమన్, ఆమె విద్యార్థిని సెల్లప్పన్ నిర్మల సెక్స్ వర్కర్ల రక్త నమూనాలు సేకరించారు. పరీక్ష చేసే సౌకర్యం మద్రాసులో లేకపోవడంతో వాటిని వేలూరు సీఎంసీ ఆస్పత్రికి తీసుకెళ్ళారు. దేశంలో మొదటి హెచ్‌ఐవీ కేసులు అక్కడే బయటపడ్డాయి.

చిత్తూరు నుంచి వేలూరు గంట ప్రయాణం. మన వాళ్ళు పెద్ద జబ్బు వస్తే 'వేలూరుకు తీసకపోండి' అంటారు. అంటే ఈ కథ మొదలైన ఆస్పత్రి మన ఇంటి ఆస్పత్రే. పైగా చిత్తూరు, పలమనేరు మీదుగా మద్రాసు–బెంగుళూరు లారీల దారి, తిరుపతికి రోజూ వచ్చిపోయే వేలమంది, కూలికి బెంగుళూరు పోయే పల్లెలు. 2005–06 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే నాటికి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 15–49 ఏళ్ళ వాళ్ళలో దాదాపు నూటికి ఒకరికి, కచ్చితంగా చెప్పాలంటే 0.97 శాతం మందికి, హెచ్‌ఐవీ ఉంది. దేశం మొత్తం మీద ఆ లెక్క 0.28 శాతం. ప్రభుత్వం ఊరూరా కళాజాతలు తిప్పిందంటే ఊరికే తిప్పలేదు.

అక్కడ ఏడుపు ఎలా పాటయింది

ముందు అమెరికా సంగతి చూద్దాం. దాన్ని పక్కన పెట్టుకుంటే మన లోటు ఎక్కడుందో తెలుస్తుంది.

అక్కడా మొదట్లో చావులను దాచారు. పేపర్లో 'చిరకాల అనారోగ్యంతో' అని వేయించేవాళ్ళు. కొడుకు స్నేహితులను అంత్యక్రియలకు రానివ్వని తల్లిదండ్రులు ఉన్నారు. 1985 నవంబరులో శాన్ ఫ్రాన్సిస్కోలో జరిగిన ఒక ఊరేగింపులో క్లీవ్ జోన్స్ అనే కార్యకర్త, చనిపోయిన తమ వాళ్ళ పేర్లు అట్టల మీద రాయమని అందరినీ అడిగాడు. ఆ అట్టలను ఒక ప్రభుత్వ భవనం గోడకు అంటించారు. దూరం నుంచి చూస్తే అతుకుల బొంతలా కనిపించిందట. ఆ ఆలోచనే ఎయిడ్స్ స్మారక బొంత అయింది. ఒక్కో మనిషికి ఒక్కో గుడ్డ ముక్క, మూడడుగుల వెడల్పు, ఆరడుగుల పొడవు. సమాధి కొలత అది. 1987 అక్టోబరు 11న వాషింగ్టన్‌లో పరిచినప్పుడు 1,920 ముక్కలున్నాయి. పరిచి ఊరుకోలేదు. మైకు ముందు నిలబడి ఒక్కొక్క పేరూ చదివారు.

దాన్ని చూసి కదిలిపోయిన సంగీతకారుడు జాన్ కొరిగ్లియానో. ఆయన మొదటి సింఫనీని 1990 మార్చి 15న షికాగోలో డేనియల్ బారెన్‌బాయిమ్ నడిపించాడు. ఈ రచన దగ్గర కాసేపు ఆగాలి. దీని లోపలి పనితనంలో మనకు కావలసింది ఉంది.

మొదటి భాగంలో వాద్యబృందం కోపంతో ఊగిపోతుంటే, స్టేజీ వెనక నుంచి, కంటికి కనపడకుండా, ఒక పియానో మెల్లగా పాత టాంగో నాట్యపు వరస వాయిస్తుంది. చనిపోయిన ఒక పియానిస్టు స్నేహితుడికి ఇష్టమైన వరస అది. రెండో భాగం టారంటెల్లా అనే ఇటలీ నాట్యం. విషపు సాలీడు కుడితే ఆ నాట్యం ఆడితే నయమవుతుందని పూర్వం నమ్మేవాళ్ళు. ఎయిడ్స్ మెదడుకు ఎక్కి మతి తప్పిన ఇంకో స్నేహితుడి కోసం రాసిన భాగం ఇది. నాట్యం వరస మీదే సాగుతుంటుంది, ఉన్నట్టుండి చెదిరిపోతుంది, మళ్ళీ కుదుటపడినట్టు అనిపించి ఇంకా దారుణంగా చెదిరిపోతుంది. మతి వస్తూ పోతూ ఉండే రోగి పక్కన కూర్చున్నవాళ్ళకు ఆ వరస అర్థమవుతుంది.

మూడో భాగం జూలియో అనే స్నేహితుడిది. వృత్తి కళాకారుడు కాదు, సరదాకు సెల్లో అనే తీగవాద్యం వాయించేవాడు. ఎప్పుడో 1962లో ఇద్దరూ కలిసి వాయించుకున్న టేపు కొరిగ్లియానోకు దొరికింది. అందులో జూలియో వాయించిన వరసనే తీసుకుని ఈ భాగం మొదలుపెట్టాడు. ఆపైన ఆయన చేసిన పని మరీ గొప్పది. పోయిన స్నేహితులు ఒక్కొక్కరి గురించీ చిన్న చిన్న మాటలు రాయించి, ఆ మాటలకు వరస కట్టి, తర్వాత మాటలు తీసేశాడు. వరస మాత్రం వాద్యాలకిచ్చాడు. మన జాతరలో నాదస్వరం మీద కీర్తన వాయిస్తుంటే, తెలిసినవాళ్ళ మనసులో సాహిత్యం దానంతట అది నడుస్తుంటుంది కదా, ఆ తీరు. తెలిసినవాళ్ళకు అది ఫలానా మనిషి. తెలియనివాళ్ళకు దుఃఖం.

1992 జూన్‌లో న్యూయార్క్ లింకన్ సెంటర్‌లో మరో ప్రయత్నం జరిగింది. విలియం పార్కర్ అనే గాయకుడికి ఎయిడ్స్ ఉంది. అంతటా బొంత ఉంది, సింఫనీ ఉంది, ఒంటరిగా నిలబడి పాడే గొంతుకు మాత్రం పాటలు లేవని ఆయనకు అనిపించింది. తెలిసిన సంగీతకారులందరినీ అడిగి, కొత్త కవితలకు వరసలు కట్టించి, 'ఎయిడ్స్ క్విల్ట్ సాంగ్‌బుక్' పేరుతో కచేరీ ఇప్పించాడు, తానూ పాడాడు. మరుసటి ఏడాదే పోయాడు. అందులో మెల్విన్ డిక్సన్ కవిత ఒకటి ఉంది. కవిత మొత్తం రెండేసి దెబ్బల చిన్న చిన్న వాక్యాలు, గుండె కొట్టుకున్నట్టు. మొదట్లో ఆ దెబ్బలు వ్యాయామం చేసే ఆరోగ్యవంతుడివి. పోనుపోను రక్త పరీక్షలు, దగ్గు, బరువు తగ్గడం. లయ మాత్రం మారదు. బతికున్నంతసేపు గుండె ఆగకూడదు గనక లయా ఆగకూడదు. డిక్సన్ కూడా 1992లోనే పోయాడు.

ఛందస్సు సంగతి వచ్చింది గనక ఒక మాట. అంత దుఃఖంలో థామ్ గన్ అనే కవి ప్రాసలు, కొలతలు తప్పకుండా రాశాడు. పాల్ మోనెట్ అనే ఇంకో కవి, ఎయిడ్స్‌తో పోయిన తన సహచరుడి మీద రాసిన పద్దెనిమిది స్మృతి గీతాల్లో కామా, ఫుల్‌స్టాప్ లేకుండా వరదలా వదిలేశాడు. ఏది సరైనదని వాళ్ళ విమర్శకులు వాదించుకున్నారు. విశ్వనాథ సత్యనారాయణ భార్య పోయినప్పుడు 'వరలక్ష్మీ త్రిశతి' పద్యాల్లోనే చెప్పుకున్నాడు. కట్టుతప్పిపోతున్న మనసుకు పద్యం గట్టు వేస్తుందని తెలుగు పాఠకులకు వేరే చెప్పనక్కరలేదు. అయితే మోనెట్ కోపాన్ని కూడా నేను కాదనలేను. మనుషులు వరసగా రాలిపోతుంటే ప్రభుత్వం చూడనట్టు నటించిన కాలం అది. గట్టు కూడా అబద్ధమనిపించే రోజులు కొన్ని ఉంటాయి.

ఇక ఆ అంత్యక్రియల సంగతి. 1992లో డొనాల్డ్ వుడ్స్ అనే నల్లజాతి కవి పోయాడు. కుటుంబం గుండెపోటు అని ప్రకటించింది. ప్రార్థన జరుగుతుండగా అసొటో సెయింట్ అనే కవి లేచి వెళ్ళి, మిత్రుడు పోయింది ఎయిడ్స్‌తోనని, ఆ మాట తెలిసినవాళ్ళు లేచి నిలబడమని అడిగాడు. సభ్యతేనా అంటే కాదేమో. కానీ అబద్ధపు కారణం చెప్పుకుని ఏడ్చే ఏడుపు సగమే అవుతుందని ఆయనకు తెలుసు. రెండేళ్ళకు ఆయనా అదే జబ్బుతో పోయాడు.

రేడియోలో మోగిన పెద్ద పాటల గురించి ఎక్కువ చెప్పను. 1985లో డియోన్ వార్విక్, స్నేహితులు పాడిన పాట ఎయిడ్స్ పరిశోధనకు ముప్పై లక్షల డాలర్లకు పైగా తెచ్చింది. నిజానికి అది అంతకు ముందే ఒక సినిమా కోసం రాసిన స్నేహగీతం. అందులో జబ్బు ఊసే లేదు. డబ్బు రావడానికి అది సాయపడింది. ఏడవడానికి కాదు.

ఉగాండా గాయకుడు చేసిన సాహసం

ఆఫ్రికా సంగతి మనకు ఇంకా దగ్గర. అక్కడా ఇక్కడిలాగే రేడియో, రచ్చబండ, నలుగురు కూడిన చోట పాట. 1987లో జైర్‌లో, అంటే ఇప్పటి కాంగోలో, మహా గాయకుడు ఫ్రాంకో ఎయిడ్స్ గురించి పెద్ద పాట పాడాడు. ఇంటిపెద్ద కోప్పడినట్టు ఉంటుంది గొంతు. యువకులకు, టీచర్లకు, డాక్టర్లకు, అందరికీ విడివిడిగా హెచ్చరిక. రెండేళ్ళకు ఆయనే పోయాడు. అదే జబ్బని లోకం అనుకుంది. ఆయన మాత్రం ఒప్పుకోలేదు.

ఫిలీ లుటాయా ఇంకో దారి పట్టాడు. స్వీడన్‌లో స్థిరపడి, ఉగాండా మొత్తం ఇష్టపడే గాయకుడు. 1989లో సొంత దేశానికొచ్చి తనకు ఎయిడ్స్ ఉందని చెప్పాడు. ఆ దేశంలో అంత పేరున్న మనిషి ఆ మాట చెప్పడం అదే మొదలు. చాలామంది నమ్మలేదు. క్యాసెట్లు అమ్ముకోవడానికి నాటకమన్నారు. ఆయన బళ్ళకు, చర్చిలకు వెళ్ళాడు. రోజురోజుకూ చిక్కిపోతున్న ఒంటితోనే పాడాడు. ఒంటరితనం, భయం, చేయి పట్టుకోమని అడగడం, ఇవీ ఆయన పాటలో ఉన్నవి. ఎవరినీ తప్పు పట్టలేదు. 1989 డిసెంబరు 15న పోయాడు.

ఫ్రాంకో పాటలో సమాచారం ఎక్కువ. కానీ లుటాయా పాట విన్నవాళ్ళకు జబ్బుకు ఒక మొహం కనిపించింది, అదీ తాము ప్రేమించే మొహం. ఆ తర్వాత ఉగాండా పల్లెల్లో ఆడవాళ్ళు గుంపులు కట్టి, సొంత భాషల్లో, సొంత వరసల్లో ఎయిడ్స్ పాటలు కట్టుకున్నారు. పాడేవాళ్ళలో చాలామంది పాజిటివ్, అంటే హెచ్‌ఐవీ ఉన్నవాళ్ళే. బయటి నుంచి వచ్చి చెప్పి వెళ్ళిపోయే పాట కాదది. పొద్దున మళ్ళీ అదే బావి దగ్గర కలిసే మనిషి పాట.

మన వంతగాడి ప్రశ్న

ఇప్పుడు మన ఊళ్ళకొద్దాం. కళాజాతలను తక్కువ చేసి మాట్లాడడం నాకిష్టం లేదు. టీవీ చేరని పల్లెలో 'సెక్స్' అన్న మాట ఎత్తకుండా సెక్స్ గురించి చెప్పాల్సిన పని వాళ్ళ మీద పడింది. దానికి బుర్రకథ లాంటి రూపం దొరకడం అదృష్టం. నడుమ తంబురాతో కథకుడు, ఇటూ అటూ ఇద్దరు వంతలు, ఒకరు హాస్యానికి, ఒకరు లోకం సంగతులకు. బుర్రకథకుడు నాజర్, ప్రజానాట్యమండలి వాళ్ళు బెంగాల్ కరువు నుంచి ఊరి రాజకీయం దాకా ఈ రూపంలో చెప్పారంటే కారణం ఆ హాస్యం వంతగాడే. జనం మనసులో ఉండి నోట రాని ప్రశ్న అతను అడుగుతాడు.

'అన్నా, దోమ కుడితే వస్తాదా?' 'రాదురా తమ్ముడూ.' 'ఒగే కంచంలో తింటే?' 'రాదు.' 'సరే గానీ, మా మామ లారీ తోలకపోయి నెల్లాళ్ళకొచ్చినాడు, ఇప్పుడు మా అత్తకు…' అని నాలుక కరుచుకుంటాడు. జనం గొల్లున నవ్వుతారు. అరుగు మీద ఆడవాళ్ళు నవ్వరు. వాళ్ళకు కావలసిన సమాధానం ఆ నవ్వు తర్వాత కథకుడు చెప్పే మూడు వాక్యాల్లో ఉంటుంది. ఏ డాక్టరూ ఆ మూడు వాక్యాలు ఆ ఊళ్ళో అంత మంది ముందు చెప్పలేడు.

కానీ కథ మాత్రం ఎప్పుడూ ఒకటే. భర్త ఊరు దాటతాడు, 'చెడు తిరుగుళ్ళు' తిరుగుతాడు, జబ్బు తెస్తాడు, భార్య పోతుంది, పిల్లలు దిక్కులేనివాళ్ళవుతారు. చివర్లో 'మందు లేదు, నివారణే మందు'. జబ్బు ఎలా వస్తుందో చెప్పే కథే, వచ్చినవాడు ఎలాంటివాడో కూడా తీర్పు చెప్పేసింది. దోమ వల్ల రాదని విన్న జనం, చేసుకున్నవాడికి చేసుకున్నంత అని కూడా అదే పాటలో విన్నారు. 'పులిరాజాకు ఎయిడ్స్ వస్తుందా?' అని ఊరూరా ప్రచార హోర్డింగులు వెలిసిన రోజుల్లో అందరం నవ్వుకున్నాం, అందరం మాట్లాడుకున్నాం కూడా. మాట బయటికొచ్చింది, మంచిదే. ఇంటికి జబ్బు వచ్చిన కుటుంబం ఆ నవ్వును ఎలా విని ఉంటుందో ఆలోచించింది మాత్రం కొద్దిమందే.

ఇంకో సంగతి. 2004 ఏప్రిల్ 1 నుంచి ప్రభుత్వ ఆస్పత్రుల్లో ఉచితంగా ఏఆర్‌టీ మందులు, అంటే వైరస్‌ను అదుపులో ఉంచే మందులు, ఇవ్వడం మొదలైంది. మొదటి ఆరు రాష్ట్రాల్లో మనదీ ఒకటి. తర్వాత తిరుపతి రుయా ఆస్పత్రిలోనూ ఏఆర్‌టీ సెంటర్ వచ్చింది. గోడల మీద 'మందు లేదు' అన్న రాతలు మాత్రం చాలాకాలం అలాగే ఉన్నాయి. పాట కూడా వెంటనే మారలేదు. భయం ఒకసారి వరసలో కూర్చుంటే దింపడం కష్టం.

జాతరలో అనగలిగిన మాట

నన్ను తొలిచే విషయం ఇంకొకటి ఉంది. సిగ్గుపడి దాచుకునే ఊరు కాదు తిరుపతి. తాతయ్యగుంట గంగమ్మ జాతర వస్తే వారం రోజులు ఊరే వేషం కడుతుంది. బైరాగి వేషం, బండ వేషం, తోటి వేషం, దొర వేషం, మాతంగి వేషం. మగవాళ్ళు చీరలు కట్టి, పూలు పెట్టి, మొక్కు తీర్చుకుంటారు. మామూలు రోజుల్లో నోట రాని బూతులు అమ్మవారి పేరు మీద వీధిలో గట్టిగా వినిపిస్తాయి. ఆడవాళ్ళను చెరబట్టిన పాలెగాడిని వెంటాడి చంపిన తల్లి కథ అది. మశూచి, కలరా లాంటి మహమ్మారులు వచ్చినప్పుడు అమ్మవారికి పాటలు కట్టి, పొంగళ్ళు పెట్టి, జబ్బును పేరు పెట్టి పిలిచిన సంప్రదాయం మనది. కర్ణాటకలో మండ్య దగ్గర ఒక పల్లెలో సైన్స్ టీచర్ ఒకాయన 1997లో 'ఎయిడ్సమ్మ'కు చిన్న గుడి కట్టించాడు. పూజ కోసం కాదు, ఆ పేరుతోనైనా జనం దగ్గరికొస్తే జబ్బు సంగతి చెప్పొచ్చని. తెలివైన పని. జబ్బును అమ్మవారిగా చూస్తే వచ్చినవాడు పాపి కాడు, అమ్మ చూపు పడినవాడు అవుతాడు. మశూచి ఇంటికి వేపాకు కట్టేవాళ్ళు. ఎయిడ్స్ ఇంటికి అడుగు పెట్టడమే మానేశారు.

మాతమ్మల సంగతి చెప్పకుండా పోతే అన్యాయం. ఉమ్మడి చిత్తూరు జిల్లా తూర్పు మండలాల్లో చిన్నప్పుడే మాతమ్మ దేవతకు వదిలేసిన ఆడపిల్లలు జాతరల్లో ఆడుతూ పాడుతూ పెరిగారు. 1988లో దేవదాసీ, జోగిని, బసివి, మాతమ్మ ఆచారాలను నిషేధిస్తూ చట్టం వచ్చింది. ఆచారం అంత త్వరగా పోలేదు. పెళ్ళి లేదు, ఆస్తి లేదు, మగవాళ్ళను కాదనే హక్కు లేదు. జబ్బు ముందుగా చేరేది అలాంటి బతుకుల్లోకే. ఊరి పండగకు గొంతిచ్చిన ఆడమనిషి పోతే పాడే గొంతు దొరకలేదు.

ఆ తల్లి ఆపేసిన చోట

మన వైపు చావింట్లో ఆడవాళ్ళు పాడే ఏడుపు విన్నవాళ్ళకు దాని కట్టుబాటు తెలుసు. ఒకరి భుజాల మీద ఒకరు చేతులు వేసుకుని గుండ్రంగా కూర్చుంటారు. ముందు పిలుపు, 'నా తండ్రీ' అనో 'నా సామీ' అనో. తర్వాత పోయిన మనిషి మంచితనం. చేసిన పెళ్ళి, కట్టిన ఇల్లు, దున్నిన కయ్య. ఆపైన జబ్బు ఎలా వచ్చింది, ఏ ఆస్పత్రికి పోయింది, ఏ డాక్టరు ఏమన్నాడు. చివరికి దేవుడి మీద కోపం. బయట పలకలు మోగుతుంటాయి, లోపల ఈ పాట.

2000 తర్వాత తొలి ఏళ్ళలో పలమనేరు వైపు ఒక పల్లెలో చూసిన చావు నాకు మరుపు రాదు. పోయినవాడు లారీ డ్రైవరు. ముప్పై దాటలేదు. ఆస్పత్రి వాళ్ళు శవాన్ని ప్లాస్టిక్ కవర్లో చుట్టి ఇచ్చారు, విప్పొద్దన్నారు. పలకల వాళ్ళు వీధి మొదట్లోనే ఆగిపోయారు. తల్లి ఒక్కతే కూర్చుంది. భుజం మీద చెయ్యి వేయడానికి ఎవరూ రాలేదు. ఆమె పిలుపు మొదలుపెట్టింది, 'నా కొడకా' అంది, మొదటి జీతంతో తెచ్చిన స్టీలు బిందె గురించి పాడింది, చెల్లెలి పెళ్ళి గురించి పాడింది. జబ్బు దగ్గరికొచ్చేసరికి గొంతు ఆగింది. వరసలో తర్వాతి మాట ఏమిటో చుట్టూ నిలబడిన అందరికీ తెలుసు. ఆమె మళ్ళీ మొదటికొచ్చి 'నా కొడకా' అంది. స్టీలు బిందె అంది. జబ్బు దగ్గర మళ్ళీ ఆగింది. మూడోసారి ఒక ముసలావిడ వచ్చి, పక్కన కూర్చుని, 'ఏ పాడు కన్ను పడెనో' అని అందించింది. తల్లి ఆ మాట పట్టుకుని దాటింది.

రెండో రకం పాట, అంటే ఏడ్చే పాట, మనకు ఎందుకు రాలేదన్న ప్రశ్నకు నాకు తోచే జవాబు ఆ చావింట్లో ఉంది. మన ఏడుపు పాట జబ్బు పేరు, పోయిన తీరు చెప్పనిదే ముందుకు నడవదు. హెచ్చరిక పాటలు ఆ పేరును చెప్పుకోలేనంత సిగ్గుమాలినదిగా చేశాయి. ఊరి మధ్య మైకులో వినిపించిన మాటే, ఇంటి అరుగు మీద గొంతులో అడ్డం పడింది. 'టీబీ వచ్చి పోయినాడు', 'కామెర్లకు పోయినాడు' అని చెప్పుకున్న చావుల వెనక ఇలా ఆగిపోయిన ఏడుపులు ఎన్ని ఉన్నాయో!

రాసే కవిత్వంలోనూ పరిస్థితి ఇదే. 1990లు తెలుగు కవిత్వంలో గొంతు లేనివాళ్ళు గొంతెత్తిన దశాబ్దం. 1993లో స్త్రీవాద కవితల 'నీలిమేఘాలు', 1995లో దళిత కవితల 'చిక్కనవుతున్న పాట', 1998లో ముస్లిం కవితల 'జల్‌జలా'. వాటి సరసన పెట్టి చెప్పుకునే పాజిటివ్ మనుషుల సంకలనం పేరు మన సాహిత్య చర్చల్లో వినిపించదు. కులం గురించి, ఇంట్లో హింస గురించి 'నేను' అని రాయగలిగిన ధైర్యం ఉన్న భాష మనది. ఈ జబ్బు విషయంలో మాత్రం 'వాళ్ళు' అనే రాసింది. హెచ్‌ఐవీ ఉన్నవాళ్ళ సంఘాలైన పాజిటివ్ నెట్‌వర్క్‌ల ఆడవాళ్ళు డిసెంబరు 1 ఎయిడ్స్ దినం సభల్లో మైకు పట్టుకుని తమ కథ చెప్పడం మొదలుపెట్టాకే 'నేను' వినిపించింది. వాళ్ళలో ఎక్కువమందికి జబ్బు తెచ్చింది సొంత భర్తే. కళాజాత కథలో చివర్లో చచ్చిపోయే భార్య పాత్ర, స్టేజీ మీదికొచ్చి, నేను చావలేదు, మందులు వేసుకుంటున్నాను, నా బిడ్డకు జబ్బు లేదు అని చెప్పింది. ఆ కథకు అంతకంటే పెద్ద జవాబు లేదు.

పేరు లేకుండా ఎలా ఏడవాలి

ఇప్పుడు కాలం మారింది. రోజూ మందు వేసుకుంటూ, రక్తంలో వైరస్ పరీక్షకు దొరకనంత తగ్గితే, ఆ మనిషి నుంచి భాగస్వామికి సెక్స్ ద్వారా జబ్బు అంటదు. 2017 నుంచి పాజిటివ్ అని తేలిన వెంటనే మందులు మొదలుపెడుతున్నారు. అదే ఏడాది చేసిన హెచ్‌ఐవీ చట్టం 2018 సెప్టెంబరు నుంచి అమల్లో ఉంది. నమ్మి చెప్పిన ఒకరి జబ్బు సంగతిని వాళ్ళ అనుమతి లేకుండా బయటపెట్టడానికి మామూలుగా అది ఒప్పుకోదు. చాలా అవసరమైన చట్టం. పోయినవాళ్ళ పిల్లలు ఇవాళ పెళ్ళీడుకొచ్చారు, ఉద్యోగాల్లో ఉన్నారు. వాషింగ్టన్‌లో చదివినట్టు తిరుపతిలో పేర్లు చదువుదామంటే ఆ పిల్లల బతుకులు ఏం కావాలి? అసొటో సెయింట్ చేసిన పని ఇక్కడ చేస్తే అది ధైర్యం అనిపించుకోదు.

అందుకే కొరిగ్లియానో మూడో భాగం నాకు అంత ముఖ్యమనిపిస్తుంది. మాట తీసేసి వరస మిగల్చడం చేతనవుతుందని ఆయన చూపించాడు. మన ఏడుపు పాటలోనూ అలాంటి వెసులుబాటు ఉంది. మన ఆడవాళ్ళు పేరు పెట్టి ఏడవరు, వరస పెట్టి ఏడుస్తారు. అన్నా, చిన్నాయనా, నా కొడకా, నా సామీ. ఊరి పేరు, ఇంటి పేరు లేకుండానే ఆ మనిషి పూర్తిగా అందులో ఉంటాడు. జబ్బు పేరు అందులో చేరినా ఏ ఇంటికీ ముప్పు రాదు.

అప్పటి కళాజాత కళాకారులు చాలామంది ఇప్పుడు అరవై దాటారు. వాళ్ళ పాటల నోటుపుస్తకాలు ఇంట్లో ట్రంకుపెట్టెల్లో ఉన్నాయి. చావింట్లో గొంతు ఆగిపోయిన తల్లులు కొందరు ఇంకా బతికే ఉన్నారు. కుప్పం ద్రావిడ విశ్వవిద్యాలయంలో జానపద అధ్యయన శాఖ ఉంది. తిరుపతిలో ఎస్వీ యూనివర్సిటీ తెలుగు శాఖ, దేవస్థానం సంగీత కళాశాల ఉన్నాయి. ముగ్గురూ కలిసి చేయగల పని ఇది. హెచ్చరిక పాటలను ఉన్నవి ఉన్నట్టు, వాటిలోని తప్పులతో సహా, రికార్డు చేయాలి. ఇంకోవైపు, ఇష్టపడిన తల్లులను, భార్యలను, పేర్లు అడగకుండా, ఫోటోలు తీయకుండా, అప్పుడు పాడలేకపోయిన ఏడుపు ఇప్పుడు పాడతారా అని అడగాలి. అడిగేవాళ్ళు ఆడవాళ్ళయితే మంచిది, పాజిటివ్ నెట్‌వర్క్ వాళ్ళే అయితే ఇంకా మంచిది. ముందు పక్కన కూర్చోవాలి. ఆమె ఆగిన చోట తర్వాతి మాట అందించాలి.